ఆ రోజు చెప్పనివ్వని జవాబు: కరువు బృందానికి ఒక చెనిక్కాయ రైతు బహిరంగ లేఖ

కరువు పరిశీలనకు వచ్చే అధికారులందరికీ,

నమస్కారం.

మీరు మా ఊరికి వచ్చిపోయినారు. మీకు గుర్తుండకపోవచ్చు. ఆ రోజు మీరు తిరిగిన ఊళ్లు నాలుగో అయిదో ఉంటాయి, మాది మధ్యాహ్నం భోజనానికి ముందుది. అనంతపురం జిల్లా, కళ్యాణదుర్గం వైపు. తారురోడ్డు పక్కన వేపచెట్టు దాటినాక ఎడమచేతి చేను. షామియానా వేసి, దాని కింద ఫొటోలు అంటించిన అట్టలు నిలబెట్టినారు. పదకొండు బండ్లు వచ్చినాయి. మీరు ఉన్నది పద్నాలుగు నిమిషాలు. రెండూ నేనే లెక్కపెట్టినా, నాకు అదే అలవాటు. మా ఊళ్లో ఆరు డ్వాక్రా సంఘాలకు పుస్తకాలు రాసేది నేనే. ఇంటర్ దాకా చదువుకున్నా. మూడెకరాలు సొంతం, నాలుగెకరాలు గుత్తకు, అంటే కౌలుకు చేస్తాం. పంట చెనిక్కాయే, మీరు వేరుశనగ అంటారు.

మీలో ఒక మేడం ఆడోళ్లం నిలబడిన వైపు తిరిగి హిందీలో ఏదో అడిగినారు. పక్కనున్న అధికారి తెలుగు చేసి చెప్పినాడు: "నీళ్లకేమన్నా ఇబ్బంది ఉందా అని అడుగుతున్నారు." నేను నోరు తెరిచేలోపు జవాబు కూడా ఆయనే చెప్పేసినాడు, ట్యాంకర్లతో తోలుతున్నామని. మేడం రాసుకున్నారు. బండ్లు కదిలినాయి.

ఆయన మీద నాకు కోపమేమీ లేదు. ఆయన చెప్పింది అబద్ధమూ కాదు, ట్యాంకరు వస్తుంది. నేను చెప్పాలనుకున్నది వేరే. అది రెండు మాటల్లో అయ్యేది కాదు గనక ఇప్పుడు కూర్చుని రాస్తున్నా. మీలో చాలామందికి తెలుగు రాదు, ఎవరో ఒకరు చదివి చెప్పాల్సిందే. చదివే ఆయన మళ్లీ సగం మింగేస్తాడేమోనని నలుగురి ముందూ పెడుతున్నా.

ముందు మీరు చూసిన చేను సంగతి. మీరొచ్చింది డిసెంబరులో. మా వైపు జూన్ ఆఖరులోనో జూలైలోనో విత్తిన చెనిక్కాయను అక్టోబరులో పీకేస్తాం. మరి డిసెంబరులో ఆ ఎకరం చేను ఎట్లా నిలబడింది అనుకున్నారు? "టీం వస్తాది, రోడ్డు పక్క ముక్క పీకొద్దు" అని ఆ రైతుకు ముందే చెప్పి పెట్టినారు. పీకినా కూలి ఖర్చు కూడా రాదని అతనూ సరే అన్నాడు. రెండు నెలలు ఎండకు నిలబడి, ఆకు రాలిపోయి పుల్లలు మిగిలినాయి. మీలో ఒకరు చెట్టు పీకి చూసినారు. రెండు కాయలు, రెండూ తాలే. ఫొటో తీసుకున్నారు. సార్, అది కరువు తిని లేచిపోయిన విస్తరాకు. తినేటప్పుడు మీరు లేరు.

ఎప్పుడు తినింది అంటే, చెబుతా. ఆ ఏడు మృగశిరలో నాలుగు చినుకులు రాలినాయి. ఆరుద్రలో పదును వాన పడింది. ఊళ్లో ట్రాక్టర్లకు తీరిక లేదు, రాత్రి లైట్లు వేసుకుని కూడా గొర్రు తోలినారు. మొలక బాగా వచ్చింది. పునర్వసు పర్వాలేదు అనిపించింది. పుష్యమిలో ఆగింది. ఆశ్లేష పోయింది, మఖ పోయింది. ముప్పై నాలుగు రోజులు ఒక్క చుక్క లేదు.

చెనిక్కాయ గురించి మీకు తెలియదని కాదు, మీలో వ్యవసాయం చదివినవాళ్లు ఉంటారు. అయినా చేనులో వంగి చూసినవాళ్లు ఎందరో నాకు తెలియదు గనక చెబుతున్నా. నెల రోజులకు పూత వస్తుంది. పూత రాలినాక అక్కడి నుంచి ఊడ దిగుతుంది. ఆ ఊడ మట్టిలోకి దూరితేనే కాయ. మాది ఎర్రనేల. వాన లేకపోతే పైన పెచ్చు కట్టేస్తుంది. ఊడ కిందికి దిగి, నేలను తాకి, లోపలికి పోలేక కొస మాడి నల్లగా అవుతుంది. ఒక్కో చెట్టుకు పది, పదిహేను ఊడలు అట్లా గాల్లో వేలాడుతుంటాయి. రోడ్డు మీద నుంచి చూస్తే చేను పచ్చగానే ఉంటుంది. పొద్దున్నే నేనొక్కదాన్నే పోయి వంగి చూసి వచ్చేదాన్ని. పది రోజులయ్యాక మా ఆయన చేను వైపు రావడమే మానేసినాడు. వచ్చి చేసేదేముంది అన్నాడు.

ఆ తర్వాత ఉత్తర కార్తె ఆఖర్లో కురిసింది. ఒకే రాత్రి వంకలు పారినాయి. అప్పటికి చెట్టుకు వయసైపోయింది. లెక్కలో మాత్రం వాన పడినట్టే.

మా ఉమ్మడి జిల్లాకు ఏడాదికి సగటున 552 మిల్లీమీటర్ల వాన. దేశంలో బాగా తక్కువ వాన పడే జిల్లాల్లో మాదొకటి అని చిన్నప్పటి నుంచి వింటున్నాం. పడమటి కనుమలు నైరుతి మబ్బును ఆపేస్తాయి, తూర్పున లేచే తుపాన్లు మా దాకా వచ్చేసరికి అలిసిపోతాయి. ఆ 552తోనే మా తాతలు బతికినారు. మా గొడవ ఎంత పడింది అన్నదాని మీద కాదు, ఎప్పుడు పడింది అన్నదాని మీద. నెలంతా పస్తు పెట్టి, ఆఖరి రోజు అరవై పూటల అన్నం ఒక్కసారే వడ్డించి, లెక్క సరిపోయింది కదా అంటే ఎట్లుంటుంది?

మీ కరువు మాన్యువల్ 2016లో వచ్చిందంట. అందులో వాన లేని వారాలను కూడా లెక్క కడతారని, ఉపగ్రహంతో పైరు పచ్చదనం చూస్తారని, కొన్ని ఊళ్లకు పోయి చేలు స్వయంగా చూడాలని ఉందని మా సచివాలయంలో వ్యవసాయ సహాయకుడు చెప్పినాడు. మంచిదే. పంట ఎన్ని అణాలు పండింది అని అంచనా కట్టే పాత అన్నవారీ లెక్కలకంటే నయమే అనుకుంటా. కానీ ఎన్ని చూసినా ఆఖరికి ప్రకటించేది మండలాన్ని. మండలం అంటే ఇరవై ముప్పై ఊళ్లు. మాకు వాన కొలిచే సీసా పదిహేడు కిలోమీటర్ల అవతల మండల కేంద్రంలో ఉంది. మధ్యలో కొండ ఉంది. కొండకు అటు వాన పడితే ఇటు మాకు చల్లగాలి వస్తుంది, అంతే. ఎద్దుకు ఒక కొమ్ము తడిస్తే ఇంకో కొమ్ము తడవని వానలు అని మా పెద్దోళ్లు అనేది ఉత్తమాట కాదు. 2023 ఆగస్టు, 1901 నుంచి దేశంలో అంత తక్కువ వాన పడిన ఆగస్టు లేదన్నారు. ఆ ఖరీఫ్‌లో రాష్ట్రంలో 103 మండలాలను కరువు మండలాలుగా ప్రకటించినారు. అప్పుడు కూడా టీ అంగళ్ల దగ్గర ఒకటే మాట: పక్క మండలం ఉంది, మాది ఎందుకు లేదు? మండలాల సరిహద్దులు మబ్బుకు ఎవరు చెప్పినారు?

డబ్బు సంగతి తొందరగా చెప్పేస్తా, అది మీకు నాకంటే బాగా తెలుసు. మూడో వంతుకు మించి పంట పోతే వర్షాధార పంటకు అప్పటి కేంద్రం కొలత హెక్టారుకు 8,500 రూపాయలు, అదీ రెండు హెక్టార్ల దాకానే. ఎకరాకు వేసుకుంటే 3,440. మా పుస్తకం ప్రకారం ఆ ఏడు ఎకరాకు విత్తనం, దుక్కి, ఎరువు, కలుపు కలిపి 18,600 అయింది. గుత్తకు చేసిన నాలుగెకరాలకు అదీ లేదు. కౌలు కార్డు కావాలంటే పొలం సొంతదారు సంతకం పెట్టాలి. ఆయన అనంతపురంలో ఉంటాడు, మంచోడే, కానీ సంతకం అనేసరికి భూమి పోతుందని భయం. పంట మాది, నష్టం మాది, ఖాతా ఆయనది.

చేను ఇంతటితో అయిపోయింది. మీ ఫారం కూడా దాదాపు ఇక్కడే అయిపోతుంది. కరువు మాత్రం అప్పుడే చేను దిగి ఇంటి దారి పడుతుంది. ఆ జవాబు చెప్పడానికే ఇదంతా.

ముందు అది కొట్టంలోకి పోతుంది. మా వైపు పశువులకు మేత అంటే చెనిక్కట్టె, కాయ తెంపినాక మిగిలే ఎండుచెట్టు. కాయ తక్కువైనా కట్టె వస్తే ఏడాది గడుస్తుంది అనుకుంటాం. మంచి ఏడు రెండు ట్రాలీల కట్టె వామి వేస్తాం. ఆ ఏడు మూడెకరాల కట్టె మా ఆయన తలమీద మోపుగా తెచ్చేసినాడు. బళ్లారి వైపు నుంచి లారీల్లో వరిగడ్డి వచ్చింది, దాని ధర అడిగి వెనక్కి వచ్చినాం. అక్టోబరులో ఎద్దులను అమ్మినాం. 85,000 పెట్టి తెచ్చిన జత 46,000కు పోయినాయి. పలుపులు మాత్రం మేం ఇయ్యం, అది ఆచారం, మళ్లీ ఎద్దులు రావాలని. ఆ పలుపులు ఇప్పుడు మా బట్టలు ఆరేసే తీగకు ముడేసి ఉన్నాయి. తాడు కొనే పని తప్పింది.

ఇక నీళ్లు.

నేను కాపురానికి వచ్చినప్పుడు వీధి మొగదల బోరింగు ఉండేది. ఇరవై దెబ్బలు కొడితే బిందె నిండేది. ఇప్పుడు దాని చెయ్యి ఎవరో పాత ఇనుముకు అమ్ముకున్నారు. చుట్టూ బోర్లు వేసినారు, మేమూ వేసినాం, రెండు. మొదటిది నాలుగు వందల అడుగుల్లో రెండించులు పడి మూడేళ్లకు ఎండింది. రెండోది తొమ్మిది వందల అడుగులు పోయినా దుమ్మే లేచింది. కొబ్బరికాయ అరచేతిలో పెట్టుకుని పాయింటు చూపించినాయన కాయ నిలబడింది కదా అన్నాడు. ఆ బోరు అప్పు మొన్న సంక్రాంతికి తీరింది.

కొళాయి ఉంది. తొమ్మిది రోజులకు ఒకసారి గంటసేపు వస్తుంది, ఎండాకాలంలో అదీ లేదు. కాబట్టి ట్యాంకరు. మా వీధికి పొద్దున ఆరున్నరకు వస్తుంది. బిందెలు ముందు రాత్రే వరుసలో పెడతారు. బిందె పెడితే ఎవరైనా ఎత్తుకుపోతారని కొందరు బిందె బదులు రాయి పెడతారు, తెగిన చెప్పు పెడతారు, పగిలిన బకెట్టు పెడతారు. ఏ రాయి ఎవరిదో వీధిలో అందరికీ తెలుసు. నా బిందెకు అంచు మీద ఎర్ర గోళ్లరంగు చుక్క ఉంటుంది. మొదటి ఏడాది కొట్లాటలు. ఒకామెకు తల పగిలి ఆరు కుట్లు పడినాక అందరం కూర్చుని ఒక కట్టుబాటు పెట్టుకున్నాం: ఇంటికి అయిదు బిందెలు, మనుషులు ఇద్దరైనా ఎనిమిది మందైనా.

లెక్క చూడండి. ట్యాంకరుకు 5,000 లీటర్లు. మా బిందెకు పదిహేను లీటర్లు పడుతుంది. పైపు మారుస్తుంటే ఒలికేది పోగా 310 బిందెలు. వీధిలో 62 ఇళ్లు. ఇంటికి అయిదు వచ్చేది అందుకే, ఎవరి దయా కాదు. జల్ జీవన్ మిషన్ కొలత ప్రకారం మనిషికి రోజుకు 55 లీటర్లు. మా ఇంట్లో అయిదుగురం. 275 లీటర్లు, అంటే పద్దెనిమిది బిందెలు. ట్యాంకర్లు తోలుతున్నాం అన్న ఆ సారు మాటకూ నా జవాబుకూ మధ్య ఉన్నది ఈ పదమూడు బిందెలు.

ఈ అయిదు ఎట్లా వాడుకుంటామో చెబుతా. మొదటి బిందె తాగడానికి, గుడ్డ వేసి మూలన పెడతాం, పిల్లలు చెంబు ముంచకూడదు. రెండోది వంటకు. బియ్యం కడిగిన కడుగు ఎనుముకు (గేదెకు). మూడోది గిన్నెలకు. ముందు బూడిదతో పొడిగా తోమి, ఒక బేసిన్‌లో ముంచి, ఇంకో బేసిన్‌లో జాడిస్తాం. మొదటి బేసిన్ నీళ్లు పారబోయం, మరుగుదొడ్డికి. ప్రభుత్వం మరుగుదొడ్డి కట్టించింది, సంతోషం. ఒకసారికి అర బిందె తాగుతుంది అది. ముసలోళ్లకు, రాత్రిపూట ఆడపిల్లలకు వదిలేసి మిగతావాళ్లం మళ్లీ కంపచెట్ల చాటుకే పోతాం. నాలుగోది స్నానాలకు, పిల్లలకు దినం విడిచి దినం. నెలసరి రోజుల్లో ఏం చేస్తారు అని మీ ఫారంలో లేదు. ఉన్నా అంతమంది మగోళ్ల ముందు ఎవరూ చెప్పరు. నేనూ ఇక్కడ ఇంతకంటే రాయలేను. అయిదోది దాపు. ఎవరికైనా జ్వరం వస్తే, చుట్టం వస్తే.

గిన్నెలు పెరుగుతాయని కూర, చారు మానేసి సంగట్లోకి ఊరిబిండి నూరుకుంటాం. కరువు ఏడు మా ఊరి అంగట్లో ఎక్కువ అమ్ముడుపోయే సరుకేదో తెలుసా? పేపరు ప్లేట్లు. మీరు ఆ రోజు ఊళ్లోకి వచ్చి ఉంటే గోడల పక్కన పేపరు ప్లేట్ల కుప్పలు చూసి, వీళ్లకు రోజూ విందేనా అనుకునేవాళ్లు. బట్టలు పదిహేను రోజులకు ఒకసారి మూటగట్టి, ఆటోకు మనిషికి ఇరవై ఇచ్చి, మూడు కిలోమీటర్ల అవతల బోరు పారే చీనీ (బత్తాయి) తోట దగ్గరికి పోయి ఉతుక్కుని వస్తాం. ఆ తోటాయన ఏమీ అనడు. ఆయన బోరు కూడా ఆగితే ఏం చేస్తామో ఇంకా అనుకోలేదు.

సంబంధాలు చూసేవాళ్లు కులం, కట్నం తర్వాత అడిగేది నీళ్ల గురించే. 1990ల్లో సత్యసాయి తాగునీటి పథకం జిల్లాలో 700కు పైగా ఊళ్లకు వచ్చింది. ఆ నీళ్లు అందిన ఊళ్లకు పిల్లనిచ్చేదానికి మా వాళ్లు ఎగబడినారు. మా మరిది పెండ్లి వైశాఖంలో కుదిరింది. మూడు వందల మంది చేతులు కడగడానికి నీళ్లు లేక శ్రావణానికి జరిపినాం. శ్రావణంలో మాత్రం వాన పడిందా అంటే లేదు, నాలుగు ట్యాంకర్లు కొన్నాం. మధ్యలో అత్తగారు ఊరి ఆడోళ్లతో కలిసి వాన పడాలని వరదపాయసం చేసి బండ మీద పోసినారు. చేతులు వెనక్కి కట్టుకుని పిల్లలు నాకినారు. ఆ సాయంత్రం కొండకు అవతల ఊళ్లో కురిసింది.

ఇప్పుడు నా పుస్తకం సంగతి. ఈ లేఖలో మీకు పనికొచ్చేది ఏదైనా ఉంటే ఇదే.

సంఘంలో అప్పు తీసుకున్న ప్రతి ఒక్కరి పేరు ఎదురుగా "దేనికోసం" అని ఒక గడి ఉంటుంది. మంచి ఏడు ఆ గడిలో "ఎనుము కొనుటకు", "మిద్దె మరమ్మతు", "కూతురు కాలేజీ ఫీజు" అని రాస్తా. జూన్‌లో అందరిదీ ఒకటే, "విత్తనాలు". ఆ ఏడు ఆగస్టు మూడో వారంలో మొదటిసారి "గడ్డి" అని రాసినా. నాలుగు రోజులకు "తిండిగింజలు". ఆ తర్వాత "ఆసుపత్రి", "బెంగళూరు చార్జీలు". సెప్టెంబరు మొదట్లో ఒకామె వచ్చి కాసేపు కూర్చుని, నీళ్లు తాగి, ఏం రాయమంటావు అంటే "పాత కంతు కట్టడానికి అని రాయి అక్కా" అనింది. అప్పు కట్టడానికి అప్పు. ఆ మాట నా పుస్తకంలో పడిందంటే చేనులో ఇంక ఏమీ లేదని అర్థం. నెలకు 200 పొదుపు కట్టలేనివాళ్ల పేరు ఎదురుగా ఎర్ర చుక్క పెడతా. సెప్టెంబరులో 64 మందికి 41 చుక్కలు పెట్టినా. ఎర్ర పెన్ను అయిపోయి కొత్తది తెచ్చుకోవాల్సి వచ్చింది.

మీ పద్ధతి ప్రకారం ఖరీఫ్ కరువును ప్రకటించడానికి అక్టోబరు ఆఖరు దాకా గడువు. తర్వాత రాష్ట్రం నివేదిక పంపాలి, తర్వాత మీరు రావాలి. నా పుస్తకంలో కరువు మఖ కార్తెలోనే పడింది. నూట యాభై రూపాయల రిజిస్టరు, ఉపగ్రహం అక్కర్లేదు. రాష్ట్రంలో ఊరూరా సంఘాలున్నాయి, ప్రతి సంఘానికీ ఒక పుస్తకం ఉంది. కరువు చూడ్డానికి వచ్చిన ఏ అధికారీ ఇంతవరకు మా పుస్తకం తెరిచి చూపించమనలేదు. బ్యాంకు వాళ్లు చూస్తారు, అదీ వసూలు గడి వరకే.

ఇంకొకటి. ఆ రోజు తీసిన ఫొటోలు మీ దగ్గర ఉంటాయి. ఒకసారి బయటికి తీసి చూడండి. షామియానా వెనక నిలబడినవాళ్లలో ఇరవై నుంచి నలభై ఏళ్ల మధ్యవాళ్లు ఎందరున్నారు? నేను, అంగడాయన, సచివాలయం పిల్లలు. మిగతావాళ్లు అప్పటికే బెంగళూరులో ఉన్నారు. దీపావళి పోయిన వారంలో మా వీధిలో ఇరవై మూడు ఇళ్లకు తాళాలు పడినాయి. కర్నూలు పడమటి ఊళ్లలో దీన్ని సుగ్గికి పోవడం అంటారు. మా వైపు పేరేమీ లేదు, పోయినారు అంటే పోయినారు. రేషన్ కార్డు ఇక్కడే, ఆధార్ ఇక్కడే, ఓటు ఇక్కడే, కాబట్టి రికార్డులో ఎవరూ యాడికీ పోలేదు. పిల్లలు అవ్వల దగ్గర ఉన్నారు. నా కూతురి తరగతిలో ముప్పై ఒక్కమంది ఉంటే డిసెంబరుకు పంతొమ్మిది మంది మిగిలినారు.

ఉపాధి హామీ ఉంది కదా అంటారు. ఉంది. 2006 ఫిబ్రవరి 2న ఆ పథకం మొదలైంది మా జిల్లాలోనే, నార్పల మండలం బండ్లపల్లిలో. ప్రధాని వచ్చినారు. అప్పట్లో కరువు మండలం అయితే వంద రోజులకు ఇంకో యాభై రోజుల పని కలుస్తుంది అన్నారు. ఆ పథకమే లేకపోతే మా ఊరు ఎప్పుడో సగం ఖాళీ అయ్యేది, అది ఒప్పుకుంటా. కానీ కూలి ఎప్పుడు పడుతుందో తెలియదు. బెంగళూరులో మేస్త్రీ శనివారం సాయంత్రం చేతిలో పెడతాడు. అంగట్లో బాకీ ఉన్నవాడికి ఏది ముఖ్యం?

అంతా మీ మీదే తోసేస్తున్నా అనుకోవద్దు. తప్పు మాది కూడా ఉంది. ఒకడు అయిదు వందల అడుగులు దించితే పక్కోడు ఏడు వందలు దించినాడు. మా అవ్వ కాలంలో చెనిక్కాయలో కంది సాలు, అలసంద, అనుము, గట్టు మీద సజ్జ, ఆముదం వేసేవాళ్లంట. ఒకటి పోతే ఒకటి. కొర్రన్నం తినేవాళ్లు. నూనెగింజకు ధర వచ్చినాక ఊరంతా ఒకటే పంట అయింది, మేం అందులోనే పుట్టినాం. ఆ రోజు మీలో ఒక సారు చిరుధాన్యాలు వేసుకోవచ్చు కదా అన్నారు. వేసినాం సార్, ఒక ఎకరం కొర్ర. దంచే మరకు తీసుకుపోవాలంటే ముప్పై కిలోమీటర్లు, కొనేవాడు చెప్పిన ధరకు కోళ్లకు వేసుకోవడం మేలు. రేషన్‌లో ఇచ్చేది బియ్యం. మమ్మల్ని కొర్ర వేయమని చెప్పే ముందు రేషన్‌లో కొర్ర ఇప్పించండి.

మా అవ్వ గంజి కరువు చూసింది. 1952లో గంజి కేంద్రం దగ్గర సత్తు గిన్నె పట్టుకుని నిలబడినదాన్ని అని చెప్పేది. ఆమెకు వాళ్ల అవ్వ ధాత కరువు కథలు చెప్పేదంట, అది 1876 నాటిది, మనుషులు దోవల్లో పడి చచ్చిపోయింది. ఇప్పుడు అట్లా లేదు. బియ్యం ఉన్నాయి, ఫోన్లు ఉన్నాయి, మోటారు సైకిళ్లు ఉన్నాయి. ఇప్పటి కరువులో ఎవరూ ఆకలికి చావడం లేదు, కాబట్టి అది ఫొటోలో పడడం లేదు. అందుకేనేమో మీకు చూపించడానికి మావాళ్లకు ఆ ఎండిన ఎకరం తప్ప ఇంకేమీ దొరకలేదు.

కాబట్టి మఖ కార్తెలో రండి. ఆగస్టు మూడో వారం. అప్పుడొస్తే కందికో ఉలవకో విత్తనం ఇప్పించేదానికి, మేత తెప్పించేదానికి, ఎద్దులు కొట్టంలోనే ఉండేదానికి ఇంకా టైం ఉంటుంది. ఏ ఊరికి పోవాలో చీటీలు వేసి తీయండి, రోడ్డు పక్క ఊరు ఎవరూ చూపించలేరు. పదకొండు బండ్లు అక్కర్లేదు. మా ఊరి బడిలో వాన కొలిచే సీసా ఒకటి పెట్టించండి, ఏడో తరగతి పిల్లలు రోజూ చూసి బోర్డు మీద రాస్తారు, నేను హామీ. గుత్త రైతును సొంతదారు సంతకం లేకుండా గుర్తుపట్టే దారి వెతకండి, ఏ చేను ఎవరు చేస్తున్నారో ఊళ్లో అడిగితే చిన్నపిల్లలు కూడా చెబుతారు. నీళ్ల గురించి రాసుకునేటప్పుడు ట్యాంకరు ఎన్ని ట్రిప్పులు అని కాకుండా ఇంటికి ఎన్ని బిందెలు అని రాసుకోండి. మేడం, ఆడోళ్లను ఏదైనా అడిగినప్పుడు పక్కనున్న సార్లను కాసేపు టీకి పంపండి. హిందీ రాకపోయినా వేళ్లు చూపించి చెబుతాం.

ఈసారి వస్తే షామియానా వద్దు, మా ఇంటికే రండి. రాత్రి మిద్దె మీద పడుకోవచ్చు, గాలి బాగుంటుంది. సంగటి, ఊరిబిండి పెడతాం, పేపరు ప్లేట్లో. పొద్దున ఆరున్నరకు ట్యాంకరు వస్తుంది, అప్పటికి లేవాలి. ఒక సంగతి ముందే చెబుతున్నా: చుట్టం వచ్చిందని ఆరో బిందె ఎవరూ ఇవ్వరు, ఆ కట్టుబాటు రాసింది నేనే. మీరు స్నానం చేయండి, ఆ రోజు పిల్లలది మరుసటి రోజుకు జరుపుతా.

ఇట్లు,
కళ్యాణదుర్గం వైపు ఒక ఊరి నుంచి,
సంఘం పుస్తకాలు రాసే ఒక చెనిక్కాయ రైతు